హైకోర్టు ఆర్డరిచ్చి గడువు దాటిపోయింది, ఫైలు కదల్లేదు: కంటెంప్ట్ (కోర్టు ధిక్కరణ కేసు) వేస్తే పనైతాదా?

పెన్నాగట్టు, కడప జిల్లా

సార్లందరికీ నమస్తే. కంటెంప్ట్ కేసుల గురించి బాగా తెలిసినవాళ్లు కొంచెం వివరంగా చెప్పండి.

మా మామ పేరు మీద 2 ఎకరాల 40 సెంట్ల పట్టా భూమి ఉండాది. 1బి, పాస్‌బుక్కు అన్నీ ఉన్నాయి. అమ్ముదామని రిజిస్ట్రారాఫీసుకు పోతే సర్వే నంబరు 22-ఎ నిషేధిత జాబితాలో (రిజిస్ట్రేషను చేయకూడని భూముల జాబితా) ఉందని కాయితాలు వెనక్కిచ్చినారు. హైకోర్టులో రిట్ వేస్తే 2025 ఆగస్టు 18న ఆర్డరొచ్చింది. ఆఖరి పేరాలో ఉండేది ఇది: పిటిషనరు అర్జీని 2, 4 నంబరు రెస్పాండెంట్లు (ప్రతివాదులు) పరిశీలించి, పిటిషనరు చెప్పేది విని, ఆర్డరు కాపీ అందిన తేదీ నుంచి ఎనిమిది వారాల్లో చట్టప్రకారం తగిన ఉత్తర్వులు ఇవ్వాలి. రెండో రెస్పాండెంటు కలెక్టరు, నాలుగు ఎమ్మార్వో (తహసీల్దారు).

సెప్టెంబరు 3న ఎమ్మార్వో ఆఫీసులో కాపీ ఇచ్చి ఇన్‌వర్డు ముద్ర వేయించుకున్నాం. సెప్టెంబరు 8 సోమవారం కలెక్టరేట్లో గ్రీవెన్సులో ఇంకో కాపీ ఇచ్చినాం, దానికి రసీదుంది. సంవత్సరం మారింది, ఉత్తర్వు లేదు. ఇక్కడడిగితే ఫైలు ఆర్డీవో దగ్గరుందంటారు, అక్కడడిగితే రిపోర్టు మండలం నుంచి రావాలంటారు. అప్పుడున్న ఎమ్మార్వో నవంబరు రెండో వారంలో బదిలీ అయినారు, కొత్తాయన వచ్చినారు.

నేరుగా కంటెంప్ట్ వేయచ్చా, ముందు నోటీసివ్వాలా? ఎవరిని పార్టీ చేయాల? గెలిస్తే 22-ఎ లోంచి భూమి తీసేస్తారా?

ఇంకో సంగతి. ఇదే భూమికి తూర్పున ఉండే ఆయన మీద జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో ఇంజంక్షన్ ఆర్డరుంది. అయినా పోయిన నెల ట్రాక్టరుతో గెనిమ (పొలం గట్టు) దున్నేసినాడు. ఆయన మీద కూడా హైకోర్టులోనే కంటెంప్ట్ వేయచ్చా?


నల్లకోటు, కర్నూలు

మీ ఆఖరి ప్రశ్నకే ముందు జవాబు చెప్తాను. మిగతావన్నీ దాని మీదే ఆధారపడి ఉన్నాయి.

తీసేయరు. మీ ఆర్డరులో "పరిశీలించి తగిన ఉత్తర్వులు ఇవ్వాలి" అని ఉందే తప్ప "జాబితా నుంచి తొలగించాలి" అని లేదు. కంటెంప్ట్ విచారించే జడ్జి అసలు ఆర్డరులో రాసి ఉన్నదాన్ని దాటి కొత్త ఆదేశం ఇవ్వకూడదు. సుధీర్ వాసుదేవ కేసులో 2014లో సుప్రీంకోర్టు దీన్ని తేల్చిచెప్పింది. అంతేకాదు, రేపు కలెక్టరు మీ అర్జీని తిరస్కరిస్తూ ఉత్తర్వు ఇచ్చినా ఆర్డరు పాటించినట్టే లెక్క. ఆ ఉత్తర్వు తప్పో ఒప్పో కంటెంప్ట్‌లో చూడరు, దాని మీద మళ్లీ రిట్ వేసుకోవాల్సిందే. జె.ఎస్. పరిహార్ కేసు, 1996. కాబట్టి కంటెంప్ట్ వేస్తే మీకు దక్కేది ఒకటే: ఆగిపోయిన ఫైలు మీద ఒక నిర్ణయం రాతపూర్వకంగా బయటికి రావడం. ఇప్పుడు మీకు కావలసింది కూడా అదే. నిర్ణయమంటూ లేనిదే తర్వాతి మెట్టుకు దారి లేదు.

ఇక తేదీలు. ఎనిమిది వారాలు ఆర్డరు తేదీ నుంచి కాదు, కాపీ అందిన తేదీ నుంచి. అందుకే తహసీల్దారుకు, కలెక్టరుకు గడువు వేర్వేరు రోజుల్లో ముగిసింది. సెప్టెంబరు 3కు 56 రోజులు కలిపితే అక్టోబరు 29. సెప్టెంబరు 8కి కలిపితే నవంబరు 3. అఫిడవిట్‌లో ఈ రెండు తేదీలూ విడివిడిగా రాయాలి. చాలామంది ఆర్డరు తేదీ నుంచి లెక్కేసి ఒకే తేదీ రాస్తారు. ప్రభుత్వ ప్లీడరు లేచి గడువు లెక్కే తప్పని చెప్తే మొదటి వాయిదా దాంతోనే పోతుంది.

కొన్ని ఆర్డర్లలో గడువే ఉండదు. అట్లాంటప్పుడు 1977 రిట్ ప్రొసీడింగ్స్ రూల్స్ ప్రకారం ఆర్డరు అందాక రెండు నెలల్లో అమలు చేయాలి. గడువు రాయలేదు కాబట్టి కంటెంప్ట్ లేదనుకుని వదిలేయకండి.

మీ కాగితాల్లో నాకు బలహీనంగా కనిపించేది గ్రీవెన్సు రసీదు. దాని మీద అర్జీ నంబరు, "భూ సమస్య" అని ఒక మాట ఉంటాయి. హైకోర్టు ఆర్డరు జతచేసినట్టు ఉండదు. "మాకు మామూలు అర్జీ వచ్చింది, ఆర్డరు కాపీ అందలేదు" అని కౌంటరులో (కోర్టుకు వాళ్లిచ్చే జవాబులో) రాస్తే ఆ రసీదుతో ఖండించడం కష్టం. ఉద్దేశపూర్వకంగా ధిక్కరించారని చెప్పాలంటే ముందు ఆర్డరు తెలుసని రుజువు కావాలి. అందుకని కలెక్టరు విషయంలో ఇప్పుడే ఇంకోసారి చేయండి. సర్టిఫైడ్ కాపీ జిరాక్సు జతచేసి, రిట్ పిటిషన్ నంబరు, ఆర్డరు తేదీ పైనే రాసిన కవరింగ్ లెటరుతో కలెక్టరేట్ ఇన్‌వర్డు సెక్షన్లో ఇచ్చి, మీ డూప్లికేటు మీద ముద్ర, నంబరు, తేదీ వేయించుకోండి. పోస్టులో కూడా పంపండి. రిజిస్టర్డ్ పోస్టు ఇప్పుడు స్పీడ్ పోస్టులో కలిసిపోయింది. డెలివరీ రుజువు తీసుకుని, ట్రాకింగ్ పేజీ అదే వారం ప్రింటు తీసిపెట్టుకోండి.

ముందుగా నోటీసు ఇవ్వాలని చట్టంలో లేదు. అయినా ఇవ్వండి. లాయరు ద్వారా ఒక పేజీ, పదిహేను రోజుల గడువు చాలు. అందులో అధికారిని తిట్టడం, ఏసీబీ మాటలెత్తడం వద్దు. ఆర్డరులోని ఆఖరి పేరాను ఉన్నదున్నట్టు ఎత్తి రాయండి, అందిన తేదీ రాయండి, ఇప్పటిదాకా ఉత్తర్వు ఇవ్వలేదని రాయండి. ఈ నోటీసు అందాక కూడా పలక్కపోతే "పొరపాటున ఆలస్యమైంది" అనే మాట నిలవదు.

పార్టీల విషయం. రిట్‌లో హోదా రాస్తే సరిపోతుంది. కంటెంప్ట్ మనిషి మీద వేసేది, కాబట్టి పేరు, హోదా రెండూ ఉండాలి. అక్టోబరు 29 నాటికి కుర్చీలో ఉన్న తహసీల్దారును పేరుతో చేర్చాలి, బదిలీ అయినా ఆయన బాధ్యత పోదు. కొత్తాయన్ని కూడా చేర్చాలి, ఎందుకంటే ఇప్పుడు అమలు చేయగలిగేది ఆయనే. అయితే ఆయనకు ఆర్డరు తెలుసని చూపడానికి ఆయన పేరున ఒక కాపీ విడిగా ఇచ్చి ఉండాలి. పాతాయనకిచ్చిన కాపీ కొత్తాయనకు తెలిసినట్టేనని వాదించవచ్చు గానీ, ఐదు నిమిషాల్లో అయ్యే పనికి వాదన ఎందుకు?

జతచేయాల్సినవి: రిట్ ఆర్డరు సర్టిఫైడ్ కాపీ, మీరిచ్చిన అసలు అర్జీ, రెండు ఆఫీసుల ఇన్‌వర్డు ముద్రలున్న కాపీలు, నోటీసు, దాని డెలివరీ రుజువు. అఫిడవిట్ ఆరేడు పేజీలు దాటకూడదు. భూమి చరిత్ర మళ్లీ మొదటినుంచి రాయాల్సిన పనిలేదు, రిట్‌లో అయిపోయింది. కోర్టు ఏం చెప్పింది, ఎప్పుడు తెలిసింది, ఏం చేయలేదు. అంతే.


తుంగభద్ర, కర్నూలు

అన్నా, చీఫ్ సెక్రటరీని, రెవెన్యూ ప్రిన్సిపల్ సెక్రటరీని కూడా పార్టీలు చేయండి. పైనుంచి ఫోనొస్తే కిందోళ్లు పరుగెత్తుతారు.


నల్లకోటు, కర్నూలు

తుంగభద్ర గారూ, దీనివల్ల మేలు కంటే నష్టమే ఎక్కువ. ఆర్డరు 2, 4 రెస్పాండెంట్లకు మాత్రమే ఆదేశమిచ్చింది. ఆదేశం లేని మనిషి ధిక్కరించడం అనేది ఉండదు. అట్లా చేర్చితే హైకోర్టు రిజిస్ట్రీ (కేసులు తీసుకునే ఆఫీసు) అభ్యంతరం పెట్టవచ్చు. పెట్టకపోయినా, వాళ్లను తప్పించాలని ఒక దరఖాస్తు, దానికి కౌంటరు, రెండు వాయిదాలు. అసలు తహసీల్దారు అంతవరకు హాయిగా ఉంటాడు.

కోర్టులో ఏం జరుగుతుందో కూడా చెప్తాను. కేసు సీసీ (కంటెంప్ట్ కేసు) నంబరుతో వస్తుంది, సాధారణంగా రిట్ ఆర్డరిచ్చిన సింగిల్ జడ్జి ముందుకే. మొదట ప్రభుత్వ ప్లీడరు ఇన్‌స్ట్రక్షన్స్ కోసం టైం అడుగుతారు. చాలా కేసులు ఈ దశలోనే తేలిపోతాయి: ప్లీడరు ఆఫీసు నుంచి ఫోను పోతుంది, రెండు వారాల్లో ఉత్తర్వు వస్తుంది, దాన్ని కోర్టు ముందు పెడతారు, కేసు మూసేస్తారు. తేలకపోతే ఫారం-1 నోటీసు. అంటే అధికారి స్వయంగా కోర్టులో నిలబడాలి. 2024 జనవరిలో సుప్రీంకోర్టు అధికారుల హాజరు మీద ఒక పద్ధతి పెట్టింది. చీటికిమాటికి పిలవొద్దని, పిలిచినా మొదట వీడియో కాన్ఫరెన్సుకు వీలివ్వాలని. కాబట్టి మొదటి వాయిదాకే కలెక్టరు నేలపాడు హైకోర్టుకు వచ్చి నిలబడతారని ఆశపడొద్దు.

1971 కోర్టు ధిక్కరణ చట్టం సెక్షన్ 12 కింద శిక్ష ఆరు నెలల వరకు సాధారణ జైలు, లేదా రూ. 2,000 వరకు జరిమానా, లేదా రెండూ. కోర్టుకు తృప్తి కలిగేలా క్షమాపణ చెప్తే మాఫీ చేయవచ్చు. 2022 మార్చి 31న మన హైకోర్టు ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలు వేసింది. బడుల ఆవరణల్లో గ్రామ సచివాలయాలు కట్టొద్దన్న ఆదేశాన్ని పాటించలేదని. క్షమాపణ చెప్పాక ఏడాదిపాటు నెలకో ఆదివారం సంక్షేమ హాస్టళ్లకు పోయి సేవ చేయాలని మార్చింది. 2025 మేలో సుప్రీంకోర్టు ఇంకా గట్టిగా పోయింది. గుంటూరులో హైకోర్టు ఆర్డరున్నా గుడిసెలు కూల్పించిన అప్పటి తహసీల్దారు డిప్యూటీ కలెక్టరయ్యాక, ఆయన్ని మళ్లీ తహసీల్దారుగా దించి, లక్ష రూపాయల జరిమానా వేసింది. అక్కడ కోర్టు వద్దన్న పని చేశారు, మీ దగ్గర చేయమన్న పని చేయలేదు. ఆలస్యాన్నీ తెగింపునీ కోర్టు ఒకే తూకం వేయదు, అది మనసులో పెట్టుకోండి.

ఒక్క విషయం మాత్రం తేలిగ్గా తీసుకోవద్దు. సెక్షన్ 20: ధిక్కరణ జరిగిన రోజు నుంచి ఏడాది లోపు పిటిషన్ వేయాలి. మీకది అక్టోబరు 30 నుంచి నడుస్తోంది. "ఇంకా ఉత్తర్వు ఇవ్వలేదు కాబట్టి ధిక్కరణ రోజూ కొనసాగుతోంది" అనే వాదనను నమ్ముకోకండి. కొన్ని పరిస్థితుల్లో కోర్టులు ఒప్పుకున్నాయి గానీ, 2024లో తెలంగాణ నుంచి వెళ్లిన ఒక భూమి కేసులో సుప్రీంకోర్టు ఆ వాదన చెల్లదని, గడువు దాటిన కంటెంప్ట్‌ను కొట్టేసింది. మళ్లీ మళ్లీ అర్జీలిచ్చినా, రిమైండర్లు పంపినా ఆ ఏడాది పొడగదు. కంటెంప్ట్ కొట్టేస్తే సెక్షన్ 19 కింద మీకు అప్పీలు కూడా లేదు, శిక్ష పడినవాళ్లకే ఆ అప్పీలు.


గుత్తికోట, అనంతపురం

ట్రాక్టరు సంగతి నేను చెప్తాను. దాన్ని పై కేసుతో కలపొద్దు, దారులు పూర్తిగా వేరు.

ధిక్కరణ చట్టం సెక్షన్ 10 ప్రకారం కింది కోర్టుల ధిక్కరణ మీద శిక్షించే అధికారం హైకోర్టుకు ఉంది, నిజమే. కానీ ఇంజంక్షన్ ఉల్లంఘనకు సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోనే మందుంది కాబట్టి, హైకోర్టుకు పోతే ముందు ఆ కోర్టుకే పొమ్మంటారు. దావా ఇంకా నడుస్తుంటే, ఇది తాత్కాలిక ఇంజంక్షన్ అయితే, ఆర్డర్ 39 రూల్ 2-ఎ కింద అదే కోర్టులో ఐఏ (దావాలో వేసే మధ్యంతర దరఖాస్తు) వేయాలి. ఆస్తి జప్తు చేయవచ్చు, సివిల్ జైలుకు మూడు నెలల వరకు పంపవచ్చు. జప్తు ఏడాది దాటి ఉండదు, అప్పటికీ లొంగకపోతే ఆస్తి అమ్మి నష్టపరిహారం ఇప్పించవచ్చు. దావా డిక్రీ అయిపోయి ఉంటే 2-ఎ కాదు, ఆర్డర్ 21 రూల్ 32 కింద ఈపీ (డిక్రీ అమలు పిటిషను). ఏది వేయాలో తెలియక ఒకదానికి బదులు ఇంకొకటి వేసి ఆరు నెలలు పోగొట్టుకునేవాళ్లు ఎక్కువ. ముందు మీ ఆర్డరు తాత్కాలికమా, డిక్రీయా చూసుకోండి.

తాత్కాలికమే అనుకుని చెప్తున్నా. 2-ఎ పిటిషన్లు నిలబడేదీ పడిపోయేదీ నాలుగైదు చిన్న విషయాల దగ్గరే.

ట్రాక్టరు దిగిన రోజుకు ఆర్డరు అమల్లో ఉందా? ఎక్స్‌పార్టీ (అవతలాయన్ని వినకుండా ఇచ్చే) ఇంజంక్షన్ ఫలానా వాయిదా వరకు అని ఇస్తారు. ఆ వాయిదాకు జడ్జి సెలవులో ఉండి, డాకెట్లో (వాయిదాల వారీగా కోర్టు రాసే షీటు) పొడిగింపు రాయకపోతే ఆ మధ్య రోజులకు ఆర్డరు లేనట్టే. ఈకోర్ట్స్ యాప్‌లో మీ సీఎన్‌ఆర్ నంబరు, పదహారు అక్షరాలది, కొట్టి ప్రతి వాయిదా ప్రొసీడింగు చూడండి. అందులో స్పష్టంగా లేకపోతే డాకెట్ షీటు సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు చేయండి.

అవతలాయనకు నోటీసు లేకుండా ఆర్డరిచ్చి ఉంటే, ఆర్డర్ 39 రూల్ 3 ప్రకారం వెంటనే ఆయనకు దావా, అఫిడవిట్, డాక్యుమెంట్ల కాపీలు రిజిస్టర్డ్ పోస్టులో పంపి, పంపినట్టు అదే రోజు గానీ మరుసటి రోజు గానీ కోర్టులో అఫిడవిట్ వేయాలి. ఇది వేయలేదంటే అవతలి లాయరు మొదటి ప్రశ్నే దాని మీద వేస్తాడు. ఫైల్లో ఉందో లేదో ఈరోజే మీ లాయరును అడగండి.

షెడ్యూలు. దావా షెడ్యూలులో సర్వే నంబరు, సబ్‌డివిజను, విస్తీర్ణం, నాలుగు చెక్కుబందులు (హద్దులు) ఉంటాయి. దున్నిన గెనిమ ఆ చెక్కుబందుల లోపలే ఉందని చూపాలి. ఆయన "నా నంబరులోనే దున్నుకున్నా" అంటే? ఆ ఒక్క మాటతో చాలా పిటిషన్లు పోతాయి, ఎందుకంటే రుజువు భారం మీదే. ఎఫ్‌ఎంబీ (సర్వే కొలతల పటం) తీసుకోండి. ఆర్డర్ 26 రూల్ 9 కింద అడ్వకేట్ కమిషనరును వేయమని ఐఏ వేయండి, మండల సర్వేయరు సాయంతో కొలిపించమని అందులోనే అడగండి. ఇది త్వరగా చేయాలి. చెదిరిన గెనిమ మట్టి, టైరు జాడలు ఒక వానకు చదునైపోతాయి. ఇప్పటికే నెలైంది, ఉన్నంతలో ఫోటోలు తీయండి: ఒకటి దగ్గర్నుంచి, ఒకటి వెనక రాయో వేపచెట్టో కదలని గుర్తు కనపడేటట్టు దూరం నుంచి. ఫోనులో అసలు ఫైలు చెరపకండి, వాట్సప్‌లో వచ్చిన కాపీకి తేదీ వివరాలు ఉండవు. కోర్టులో వేసేటప్పుడు ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి సర్టిఫికెట్టు కూడా కావాలి.

ఆయనకు ఆర్డరు తెలుసా? అమీను (కోర్టు నోటీసులిచ్చే ఉద్యోగి) నోటీసు అంటించిన రిపోర్టు, ఆయన తరఫున వకాలతు పడిన తేదీ, ఈ రెంటిలో ఏదున్నా చాలు. వకాలతు పడిందంటే తెలియదనే మాట చెల్లదు.

అవతలాయన "ఆ ఇంజంక్షనే తప్పు, అప్పీలు వేశాను" అంటే భయపడొద్దు. ఆర్డరు అమల్లో ఉన్నప్పుడు ఉల్లంఘిస్తే, తర్వాత ఆ ఆర్డరు రద్దయినా ఉల్లంఘనకు శిక్ష తప్పదని 1997లో తయ్యబ్‌భాయ్ బగసర్‌వాలా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అప్పీలు వేసినంత మాత్రాన స్టే ఉన్నట్టు కాదు, ఆర్డర్ 41 రూల్ 5 అదే చెప్తుంది.

ఇంకోసారి దున్నకుండా ఆపడం ముఖ్యం కాబట్టి, 2-ఎతో పాటు సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 151 కింద పోలీసు సాయం కోరుతూ విడిగా ఐఏ వేయండి. స్టేషన్లో ఇంజంక్షన్ కాపీ ఒక్కటే చూపిస్తే "ఇది సివిల్ మ్యాటరు" అంటారు. పోలీసు సాయం ఆర్డరు చూపిస్తే అట్లా అనలేరు.


కచేరీ బల్ల, కర్నూలు

రెవెన్యూ ఆఫీసు వైపు నుంచి కొన్ని మాటలు. ఇవి తెలిస్తే మీకు పని సులువవుతుంది.

హైకోర్టు ఆర్డరు ఇన్‌వర్డులో ముద్ర పడగానే కోర్టు కేసుల రిజిస్టరులో ఎక్కాలి. మామూలు తపాలాతో కలిసిపోతే ఇక ఆ గడువు ఎవరికీ గుర్తుండదు, చాలా కంటెంప్టులకు మూలం ఇదే. కాబట్టి కవరింగ్ లెటరు మీద ఎర్ర సిరాతో "హైకోర్టు ఉత్తర్వు, గడువు ఫలానా తేదీ" అని రాయండి. చిన్న పనే, కానీ అది చూసిన గుమాస్తా ఆ కాగితాన్ని కట్ట అడుగున పెట్టడు.

22-ఎ లోంచి తీయడం తహసీల్దారు చేతిలో లేదు. ఆయన రిపోర్టు, దాని మీద ఆర్డీవో సిఫారసు, నిర్ణయం కలెక్టరుది. మీ భూమి పట్టా అయినా జాబితాలోకి ఎందుకొచ్చిందో ముందు కనుక్కోండి. చాలా చోట్ల ఒక సర్వే నంబరులో ఒక సబ్‌డివిజను మాత్రమే ప్రభుత్వానిదో, డీకేటీదో (ప్రభుత్వం పంచిన భూమో) అయి ఉంటుంది. సబ్‌డివిజను వేరు చేయకుండా నంబరు మొత్తం ఎక్కించేస్తారు. అట్లా అయితే ఆర్‌ఎస్‌ఆర్ (రీసెటిల్‌మెంట్ రిజిస్టరు), ఎఫ్‌ఎంబీ, పాత అడంగళ్లు, లింకు డాక్యుమెంట్లు, ఈసీ ఒక సెట్టుగా పెట్టి, విచారణ రోజున రాతపూర్వకంగా ఇవ్వండి. ఆర్‌ఎస్‌ఆర్‌లో పట్టాదారు గడిలో చుక్కలుంటే దారి వేరు, అది 2017 నాటి చుక్కల భూముల చట్టం కిందికి వస్తుంది. దాన్ని ఈ అర్జీతో సాధించాలని చూడొద్దు.

ఫైలు ఎక్కడ ఆగిందో తెలుసుకోవడానికి సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. మండలాఫీసులో ఫీజు 5 రూపాయలు, కలెక్టరేట్లో 10. "మా ఫైలు ఏమైంది" అని అడగొద్దు. "ఫలానా ఇన్‌వర్డు నంబరు కాగితం మీద తీసుకున్న చర్య, నోట్ ఫైలు కాపీ, ఆర్డీవో ఆఫీసుకు పంపిన తేదీ, డిస్పాచ్ నంబరు" అని అడగండి. 30 రోజుల్లో వచ్చే ఆ కాగితం కంటెంప్టులో మీకు మంచి ఆధారం. ఆర్డరు అందిందని, ఎన్నాళ్లు కదలకుండా ఉందో వాళ్ల సంతకంతోనే తెలుస్తుంది.

అధికారుల వైపు చేసే పెద్ద తప్పు కూడా చెప్పాలి. గడువులోపు కాదని తెలిస్తే, గడువు ముగియకముందే టైం పొడిగించమని అదే రిట్‌లో ఐఏ వేయించాలి. సర్వే ఆలస్యం, ఎన్నికల పని, సిబ్బంది లేకపోవడం, ఇవన్నీ అప్పుడు చెప్తే కోర్టు వింటుంది. కంటెంప్ట్ నోటీసు వచ్చాక చెప్తే సాకుగా కనిపిస్తుంది. అప్పీలు వేయాలన్నా అంతే. రిట్ అప్పీలుకు 30 రోజులు. అప్పీలు, స్టే పిటిషను వేసి ఉంటే ముందు ఆ స్టే సంగతి తేల్చాలని సుప్రీంకోర్టు మోడరన్ ఫుడ్ కేసులో చెప్పింది. ఏదీ వేయకుండా "అప్పీలుకు ప్రతిపాదన పంపాం" అంటే అది జవాబు కాదు. పరిశీలించమన్న ఆర్డరు మీద అప్పీలుకు పోయే అవసరం కూడా అరుదు. పిలిచి, విని, ఒక స్పీకింగ్ ఆర్డరు (కారణాలు చెప్పే ఉత్తర్వు) రాస్తే సరిపోయేదానికి ఇన్ని నెలలు తిప్పడం వల్ల ఆ పట్టాదారుడి ఖర్చే పెరుగుతోంది.


పెన్నాగట్టు, కడప జిల్లా

అందరికీ చేతులెత్తి దండం సార్. మీరు చెప్పినట్టు కలెక్టరేట్ ఇన్‌వర్డులో, కొత్త ఎమ్మార్వో పేరున కూడా కాపీలిచ్చి ముద్రలు వేయించుకున్నాం. లాయరు నోటీసు కూడా పోయింది. దానికి మండలాఫీసు నుంచి ఒక లెటరొచ్చింది: "సదరు అర్జీకి సంబంధించిన నివేదిక ఆర్డీవో వారికి సమర్పించడమైనది, ఉత్తర్వులు అందిన పిదప తెలియజేయబడును." దీంతో ఆర్డరు పాటించినట్టు అయిపోతాదా? మా లాయరు సారు ఇది ఎండార్సుమెంటు (అర్జీకి ఆఫీసు రాసిచ్చే జవాబు), కంటెంప్ట్‌లో ఇబ్బంది కావచ్చంటాండారు.

ఇంజంక్షన్ ఆర్డరు తాత్కాలికమే. పొడిగింపులు అన్ని వాయిదాలకూ ఉన్నాయి. రూల్ 3 అఫిడవిట్ మాత్రం ఫైల్లో కనపడలేదు.


నల్లకోటు, కర్నూలు

ఇబ్బందేమీ లేదు, మీకే మేలు. మీ ఆర్డరులో మూడున్నాయి: పరిశీలించడం, మీరు చెప్పేది వినడం, ఉత్తర్వులివ్వడం. ఈ లెటరులో మూడూ లేవు. మిమ్మల్ని పిలవలేదు, నిర్ణయం లేదు, కారణం లేదు. నివేదిక పంపామన్నది లోపలి ఉత్తరప్రత్యుత్తరం. పైగా ఆర్డరు తమకు అందిందని, గడువు దాటాక కూడా ఉత్తర్వు లేదని వాళ్లే రాసిచ్చారు. ఒరిజినల్ జాగ్రత్త చేసి, కాపీ అఫిడవిట్‌కు జతచేయండి.

అదే ఆ లెటరులో "జాబితాలో ఉన్నందున అర్జీ తిరస్కరించడమైనది" అని ఒక్క లైను ఉండి ఉంటే కథ మారేది. అప్పుడు కంటెంప్ట్ కాకుండా, వినకుండా, కారణం లేకుండా ఇచ్చిన ఉత్తర్వని దాని మీద కొత్త రిట్ వేయమని చెప్పేవాణ్ణి. కంటెంప్ట్ నోటీసు అందాక హడావుడిగా అట్లాంటి ఉత్తర్వు రావచ్చు. వస్తే మీరు దాన్ని తీసుకున్న తేదీ, సమయం రాసి సంతకం చేయండి, తీసుకోనని మాత్రం అనొద్దు.

విచారణకు పిలుపొస్తే తప్పకుండా పోండి. మామకు నడవడం కష్టమైతే ఆయన సంతకంతో అధికార పత్రం తీసుకుని మీరు పోండి. చెప్పాల్సింది రెండు పేజీల్లో రాసి, ఒక కాపీ మీద అందినట్టు ముద్ర వేయించుకోండి. ఆ రోజు నోటితో ఎంత చెప్పినా, రేపటి రిట్‌లో పనికొచ్చేది ఆ రెండు పేజీలే.


గుత్తికోట, అనంతపురం

రూల్ 3 అఫిడవిట్ లేకపోతే ముందు ఇది చూడండి: అవతలాయన తరఫున వకాలతు పడిందా, కౌంటరు వేశారా? వేసి, రెండు వైపులా విన్నాక జడ్జి ఇంజంక్షన్ ఖాయం చేసి ఉంటే ఇక రూల్ 3 లోపం పెద్దగా అడ్డం రాదు, ఎందుకంటే ఇప్పుడు నడుస్తున్నది ఎక్స్‌పార్టీ ఆర్డరు కాదు. ఇంకా ఎక్స్‌పార్టీ ఆర్డరే పొడిగిస్తూ వస్తుంటే మాత్రం ట్రాక్టరు పిటిషను వేసేముందు ఆ ఇంజంక్షన్ ఐఏను వాదించి తేల్చుకోండి. రూల్ 3-ఎ ప్రకారం 30 రోజుల్లో తేల్చాల్సిందే, మెమో వేసి అడగవచ్చు. లేకపోతే మీరు 2-ఎ వేసిన మరుసటి వాయిదాకు ఆయన రూల్ 4 కింద ఆర్డరు రద్దు చేయమని పిటిషను వేస్తాడు, ఉన్న ఇంజంక్షనే కదిలిపోతుంది. పోలీసు సాయం ఐఏ కూడా ఆర్డరు ఖాయమయ్యాకే వేయండి. కమిషనరు ఐఏ ఒక్కటి మాత్రం ఆపొద్దు, గెనిమ జాడ ఉండగానే కొలత పడాలి.